తాళ్ల వెనక ముఖం వదలని లెన్స్: బాక్సింగ్‌కి షోల్డర్ కెమెరా, చాలా ఏళ్లు వాడాక

బాక్సింగ్‌కి ఇంకా భుజం మీద ఆ కెమెరా బరువు ఎందుకు మోస్తున్నావని తోటి కెమెరామెన్ అడుగుతూనే ఉంటారు. సెన్సర్, ఫార్మాట్ లాంటివి అందరికీ తెలిసినవే, వదిలేద్దాం. నన్ను కట్టిపడేసింది ఒక్కటే, చేత్తో తిప్పే ఆ ఫోకస్.

రింగ్ అంచున నిలబడి తీసేవాడికి, బాక్సర్లకి మధ్య ఎప్పుడూ నాలుగు తాళ్లుంటాయి. చిన్న కెమెరాల ఆటోఫోకస్ ఎంత తెలివైనదని పొగిడినా, సరిగ్గా ఇద్దరూ క్లించ్‌లోకి వెళ్లినప్పుడు, అంటే ఒకరినొకరు పట్టేసుకున్నప్పుడు, అది దగ్గరున్న తాడునో రిఫరీ వీపునో పట్టుకుని కూర్చుంటుంది, మళ్లీ ముఖం వెతుక్కునేలోపు హుక్ దెబ్బ పడిపోయి ఉంటుంది. 1965లో అమెరికాలోని లూయిస్టన్‌లో ముహమ్మద్ అలీ మొదటి రౌండ్‌లోనే సోనీ లిస్టన్‌ని పడగొట్టిన దెబ్బ అసలు గట్టిగా తగిలిందా లేదా అని, ఫిల్మ్ ఉండి కూడా, జనం ఇప్పటికీ కొట్టుకుంటున్నారు. ఇక ఆ క్షణంలో ఫోకస్ తాడు మీద ఉంటే ఏం చెప్తాం?

ఈ కెమెరాలో ఆ గొడవ లేదు. 2/3 అంగుళాల చిన్న సెన్సర్ కాబట్టి బాక్సర్ ఓ అడుగు అటూ ఇటూ వేసినా పదును పోదు. కంటి మీద చీలిక దాకా జూమ్ చేసి ఫోకస్ పెట్టి, జూమ్ వెనక్కి లాగి వైడ్‌కి వచ్చేసినా అంతే పదును.

అంతే పదును అన్నాను కదా, అది ఒక చిన్న స్క్రూ బిగువుగా ఉన్నంతవరకే. ఒక లైవ్ మ్యాచ్‌లో రౌండ్ మధ్యలో హెడ్‌సెట్‌లో డైరెక్టర్ అరుపు, "నీ వైడ్ సాఫ్ట్‌గా ఉంది!" టైట్‌లో, అంటే దగ్గరికి జూమ్ చేసి, చూస్తే బ్రహ్మాండంగా ఉంది, వెనక్కి లాగితే మసక. మోచేతులు ఆనించే ఆ రింగ్ చెక్క వేదిక ప్రతి అడుగుకీ అదురుతుంది, ఆ అదురుకి బ్యాక్ ఫోకస్ రింగ్‌ని (జూమ్ మార్చినా ఫోకస్ చెదరకుండా చూసే లెన్స్ వెనక రింగ్) పట్టి ఉంచే స్క్రూ వదులైంది. గంట కొట్టేదాకా టైట్ షాట్లతోనే నెట్టుకొచ్చాను. విరామం ఒక్క నిమిషం, డైరెక్టర్‌కి ఆ నిమిషంలోనే కార్నర్ షాట్ కావాలి, కోచ్ తిట్లు, ఐస్ సంచి, అదంతా. నన్ను వదిలేసి ఎదుటి కెమెరాకి వెళ్లమని బతిమాలి, ఐరిస్ (లెన్స్‌లో వెలుతురు వచ్చే కన్నం) పూర్తిగా తెరిచి, కార్నర్ ప్యాడ్ మీది అక్షరాలకి టైట్‌లో ఫోకస్ పెట్టి, వైడ్‌కి వచ్చి బ్యాక్ ఫోకస్ తిప్పి, మళ్లీ టైట్, మళ్లీ వైడ్. సెకండ్స్, అంటే బాక్సర్ల సహాయకులు, రింగ్ బయటికి దిగుతుంటే స్క్రూ బిగించాను. ఆ టెన్షన్ పగవాడికి కూడా వద్దు.

తర్వాత స్క్రూ మార్పించాను, అయినా ఇంకోసారి వదులైంది. ఇప్పుడు దాని మీద టేప్ అంటిస్తాను. వేలల్లో... లక్షల్లో పలికే లెన్స్‌కి టేపేమిటని నవ్వేవాళ్లు నవ్వుతారు.

బరువు వల్ల ఫ్రేమ్ వణకదని కూడా నేనే అందరికీ చెప్తుంటాను. నిజమే, అండర్‌కార్డ్ (మెయిన్ మ్యాచ్‌కి ముందు జరిగే మ్యాచ్‌లు) అయ్యేవరకు. మెయిన్ మ్యాచ్ వచ్చేసరికి కుడి భుజం మాట వినదు, అప్పుడు ఫ్రేమ్ నాతోపాటు ఊపిరి తీస్తుంది.

స్టాండ్ మీద పెట్టి దూరం నుంచి తీసేవాళ్లు, తర్వాత ఎడిట్ చేసుకునేవాళ్లు దీని జోలికి రానక్కర్లేదు, చిన్న కెమెరా హాయి. నాది అంచున నిలబడి లైవ్ ఇచ్చే పని, ఫోకస్ చూసిపెట్టే సహాయకుడు లేడు, కాబట్టి భుజం ఒప్పుకున్నన్నాళ్లు ఇదే.