ఉత్తరాలు పట్టుకుని యుద్ధభూములకి: మనాసస్, గెటిస్‌బర్గ్, అపొమాటాక్స్

ఊరి నుంచి పెద్దవాళ్లు వస్తే వర్జీనియాలో ఉండే మనవాళ్లం వాషింగ్టన్ మ్యూజియంలు, నయాగరా, రెండు మూడు గుళ్లు చూపించి విమానం ఎక్కించేస్తాం. ఉత్తరాది, దక్షిణాది రాష్ట్రాల మధ్య అమెరికా అంతర్యుద్ధం (1861-65) జరిగిన పొలాలు మన ఇళ్లకి దగ్గర్లోనే ఉన్నా అటు వెళ్లేవాళ్లు తక్కువ. వెళ్లినవాళ్లు కూడా "ఏముంది, పచ్చిక, నాలుగు ఫిరంగులు" అంటూ వచ్చేస్తారు. అక్కడ పోరాడిన ఆఫీసర్లు రాసుకున్న ఉత్తరాలు, డైరీలు ముందే చదువుకుని వెళ్లండి. అప్పుడు ఆ పచ్చిక మీద మనుషులు కనిపిస్తారు. నేను వెళ్లింది మా మావయ్యగారితో. ఆయనది మిలిటరీ మాధవరం, సుబేదారుగా రిటైరయ్యారు. దండు ఏ మూల నుంచి వచ్చిందని కాదు, ఏం తిన్నారు, జీతం ఎప్పుడిచ్చారు, ఇంటికి ఉత్తరం ఎలా చేరింది అని అడుగుతారు. ఈ మూడు చోట్లనీ నేను ఆ కొలతతోనే బేరీజు వేశాను.

ముందు మనాసస్. ప్రవేశ రుసుము లేదు. 1861 జులై 21న మొదటి పెద్ద యుద్ధం ఇక్కడే జరిగింది. ఉత్తరాది సైన్యంలో, రోడ్ ఐలండ్ రెండో రెజిమెంట్‌లో సలివన్ బలూ అని 32 ఏళ్ల మేజర్ ఉండేవాడు, వృత్తికి లాయరు. యుద్ధానికి వారం ముందు భార్య సారాకి ఉత్తరం రాశాడు. దేశం ఒకవైపు, నువ్వూ పిల్లలూ ఒకవైపు లాగుతున్నారని, తను తిరిగి రాకపోయినా ఆమె చెంపకి తగిలే చల్లగాలి తన ఊపిరేననుకోమని అందులో రాశాడు. మాథ్యూస్ హిల్ దగ్గర ఫిరంగి గుండు అతని గుర్రాన్ని చంపేసింది, అతని కాలు నుజ్జు చేసింది. కాలు తీసేసినా కొద్ది రోజులకే పోయాడు. ఆ ఉత్తరాన్ని గుట్ట మీదే నిలబడి తెలుగులో చదివి వినిపించాను. మావయ్యగారు చాలాసేపు మాట్లాడలేదు. తర్వాత "పెన్షన్ వచ్చిందా అమ్మాయ్ ఆవిడకి?" అని అడిగారు.

హెన్రీ హిల్ మీద రేంజర్ ఉచితంగా తిప్పి చూపించే నడక బాగుంది, పెద్దవాళ్లు కూడా నడవగలరు. మాథ్యూస్ హిల్‌కి వచ్చేవాళ్లు తక్కువ, నాకు మాత్రం అదే ముఖ్యం. ఇబ్బందల్లా పార్కు నడిమధ్య నుంచి పోయే రోడ్లు. స్టోన్ హౌస్ కూడలి దగ్గర లారీల రొదలో ఏదీ వినపడదు, కాబట్టి పొద్దున్నే వెళ్లండి. గడ్డిలో టిక్స్ అనే రక్తం పీల్చే పురుగులు ఉంటాయి, పొడుగు ప్యాంటు, మేజోళ్లు వేసుకోవాలి. తిండికి దిగుల్లేదు, సెంటర్‌విల్, షాంటిలీ వైపు మన హోటళ్లు బోలెడు.

పెన్సిల్వేనియాలోని గెటిస్‌బర్గ్‌కి ఒక రాత్రైనా కేటాయించాలి. 1863 జులై 1 నుంచి 3 వరకూ ఇక్కడ జరిగిన యుద్ధంలో చనిపోయినవాళ్లు, గాయపడ్డవాళ్లు, పట్టుబడ్డవాళ్లు, కనిపించకుండా పోయినవాళ్లు కలిపి రెండువైపులా యాభై వేల పైచిలుకు. మైదానం చూడటానికి టికెట్ లేదు. మ్యూజియానికీ, మన చుట్టూ గోడలా తిరిగే, 377 అడుగుల చుట్టుకొలత ఉన్న సైక్లోరమా చిత్రానికీ ఉంది. డబ్బు ఒక్కదానికే పెట్టగలిగితే లైసెన్సున్న గైడుకే పెట్టండి. ఆయన మన కారులోనే ఎక్కి, తనే నడుపుతూ రెండు గంటలపాటు చూపిస్తాడు. ఛార్జీ తలకి కాదు, కారుకి, కాబట్టి కుటుంబానికి బాగా గిట్టుబాటు. మాకు ఆఫీసర్ల రాతల గురించి కావాలని బుక్ చేసేటప్పుడే చెప్పాను, ఆయన ఆ లెక్కనే తిప్పాడు.

సెమెటరీ రిడ్జ్ మీద, చెట్ల గుంపు పక్కన, ఆయన కారు ఆపి లెఫ్టినెంట్ ఫ్రాంక్ హాస్కెల్ గురించి చెప్పాడు. హాస్కెల్ జనరల్ గిబ్బన్‌కి సహాయకుడు. యుద్ధమైన కొద్ది వారాలకే తన సోదరుడికి చాలా పెద్ద ఉత్తరం రాశాడు. మూడో రోజు మధ్యాహ్నం భోజనం అందులో ఉంది. పెద్ద పళ్లెంలో ఉడికించిన కోడి, బంగాళాదుంపలు, కాఫీ. కుర్చీలు చాలక ఉత్తరాది సేనాధిపతి మీడ్ అంతటివాడు బిస్కట్ పెట్టె మీద కూర్చుని తిన్నాడు. ఒంటిగంట ప్రాంతంలో దక్షిణం వాళ్ల ఫిరంగులు ఒక్కసారిగా మోగాయి. ఆ తర్వాత సుమారు పన్నెండు వేల ఐదు వందల మంది, మైలు దూరం బయలు మైదానంలో, ఈ చెట్లకేసి నడిచొచ్చారు. ఉత్తరం రాసిన హాస్కెల్ మరుసటి ఏడాది జూన్‌లో కోల్డ్ హార్బర్ దగ్గర చనిపోయాడు.

మావయ్యగారి చూపు ఆ కోడి మీదే పడింది. ఆఫీసర్లకి మెస్ ఉండేదా అన్నారు. గైడు చెప్పింది నాకూ కొత్తే. సిపాయికి రేషన్ ప్రభుత్వం ఇచ్చేది, ఆఫీసరు తన తిండి, బట్టలు, కత్తి సొంత డబ్బుతో కొనుక్కోవాలి. నెలకి సిపాయికి 13 డాలర్లు, పదాతిదళ కెప్టెన్‌కి 115న్నర, కల్నల్‌కి 212. జీతం ఆలస్యమైతే లెఫ్టినెంట్లు అప్పులు చేసేవారు. దక్షిణం ఆఫీసర్లలో చాలామంది వంటకీ గుర్రాలకీ బానిసలని వెంట తెచ్చుకున్నారు. ఆ బానిసల పేర్లు ఉత్తరాల్లో అరుదు. దక్షిణాది సేనాధిపతి లీ సైన్యం పెన్సిల్వేనియాలో స్వేచ్ఛగా బతుకుతున్న నల్లవాళ్లని పట్టుకుని దక్షిణానికి తోలుకుపోయిన సంగతి కూడా ఆ పరాక్రమ గాథల్లో వినపడదు. స్మారకాలు చూస్తూ మురిసిపోయే ముందు మ్యూజియంలో బానిసత్వం గురించిన గదులు చూసి తీరాలని నా గట్టి అభిప్రాయం.

బస సంగతి. పాత ఇంటి బెడ్ అండ్ బ్రేక్‌ఫస్ట్ ఒకదాంట్లో దిగాం. ఇల్లు ముచ్చటగానే ఉంది కానీ గది మేడ మీద, మెట్లు నిటారుగా ఉన్నాయి, లిఫ్టు లేదు. శాకాహారమని ముందే చెప్పినా పొద్దున గుడ్లు, మాంసమే పెట్టారు. మోకాళ్ల నొప్పులున్నవాళ్లని తీసుకెళ్తే ఊరి బయట మామూలు చెయిన్ హోటలే నయం, మైక్రోవేవ్ కూడా ఉంటుంది. మాకు ఆదుకుంది కట్టుకెళ్లిన పులిహోరే. లిటిల్ రౌండ్ టాప్ అనే గుట్టని మరమ్మతులయ్యాక 2024లో మళ్లీ తెరిచారు. పైన దారులు బాగున్నాయి, పార్కింగ్ మాత్రం కొంచెమే. తొమ్మిదిలోపు చేరాలి.

అపొమాటాక్స్ రిచ్మండ్‌కి పడమరగా 90 మైళ్లు. 1865 ఏప్రిల్ 9న మెక్లీన్ ఇంటి హాల్లో లీ, ఉత్తరాది సేనాధిపతి గ్రాంట్‌కి లొంగిపోయాడు. ఇప్పుడున్న ఇల్లు మళ్లీ కట్టింది. యుద్ధం మొదలైనప్పుడు ఈ మెక్లీన్ మనాసస్ దగ్గరే ఉండేవాడు! గొంతు క్యాన్సర్‌తో చనిపోతూ 1885లో గ్రాంట్ జ్ఞాపకాలు రాశాడు. శత్రువు లొంగిపోతుంటే సంతోషం కాదు, దిగులేసిందన్నాడు. ఒప్పందం శుభ్రప్రతి రాసినవాడు సెనెకా తెగకి చెందిన లెఫ్టినెంట్ కల్నల్ ఈలీ పార్కర్. ఆఫీసర్లు పక్కన పెట్టుకునే ఆయుధాలు, సొంత గుర్రాలు ఉంచుకోవచ్చన్నారు. గుర్రాలున్న సిపాయిలకీ వసంతంలో దుక్కికి కావాలి కదా అని వదిలేశారు. లీ మనుషులు ఆకలితో ఉన్నారని పాతిక వేల రేషన్లు పంపారు. ఇది విన్నాక మావయ్యగారు గ్రాంట్‌కి పూర్తి మార్కులు వేసేశారు. క్లోవర్ హిల్ టావెర్న్‌లో, లొంగిపోయినవాళ్లకి ఇంటికెళ్లే కాగితాలు అచ్చేసిన తీరు చూపిస్తారు, అది తప్పక చూడండి.

బలూ రెజిమెంట్‌లోనే 19 ఏళ్లకి సిపాయిగా చేరిన ఎలైషా రోడ్స్ కూడా ఇక్కడి దాకా వచ్చాడు, లెఫ్టినెంట్ కల్నల్ అయి. నాలుగేళ్ల డైరీ మిగిల్చాడు. నేను ఎక్కువగా నమ్మేది ఇలాంటి అప్పటికప్పుడు రాసిన రాతల్నే. ముప్పై నలభై ఏళ్ల తర్వాత రాసిన జ్ఞాపకాల్లో ప్రతి సెల్యూటూ కొంచెం పెద్దదై కనిపిస్తుంది.

ఇక్కడ జనం తక్కువ, ప్రవేశం ఉచితం, నడక చదునుగా ఉంటుంది. పెద్దవాళ్లకి మూడింట్లో ఇదే సుఖం. ఊళ్లో బస తక్కువ, పడమరగా లించ్‌బర్గ్‌లో దిగడం మేలు. మన తిండి దొరకడం కష్టం, కుక్కర్ పట్టుకెళ్లండి. సెలవు ఒక్క రోజే ఉంటే మనాసస్‌కి వెళ్లండి. రెండు రోజులుంటే గెటిస్‌బర్గ్ సరిపోతుంది, కానీ జులై ఎండలో వద్దు, అక్టోబర్‌లో వెళ్లండి. గైడుని మాత్రం ముందే బుక్ చేసుకోండి, వారాంతాల్లో అప్పటికప్పుడు దొరకరు.