దస్తావేజు హక్కా, పన్నెండేళ్ల స్వాధీనమా?

పొలం మీద కేసు పడగానే చాలామంది రెండు మాటలూ కలిపి చెబుతారు: "మేం కొన్నాం, పైగా ఇరవై ఏళ్లుగా దున్నుకుంటున్నాం." కోర్టులో ఈ రెండూ పొసగవు. ఇక్కడే ఎంతోమంది రైతులు నష్టపోతున్నారు.

రిజిస్టర్డ్ దస్తావేజు, లింకు డాక్యుమెంట్లతో (అంతకు ముందరి దస్తావేజులతో) హక్కు రుజువైతే, 1963 లిమిటేషన్ చట్టం (దావాలకు గడువులు పెట్టే చట్టం) 65వ ఆర్టికల్ కింద, స్వాధీనం వల్ల భూమి తమదైందని రుజువు చేసే భారం ఎదుటివారిదే.

ప్రతికూల స్వాధీనం, అంటే ఇతరుల భూమిని ఏళ్ల తరబడి అనుభవించి హక్కు అడగడం, అలా కాదు. ముందు భూమి అవతలివారిదని ఒప్పుకోవాలి. వారి హక్కును కాదంటూ, బాహాటంగా, 12 ఏళ్లు తెంపు లేకుండా అనుభవించామని చూపాలి. ఎప్పటి నుంచో తేదీ చెప్పాలి. ప్రభుత్వ భూమికైతే 30 ఏళ్లు. పహాణీలో (సాగు వివరాల రికార్డులో) అనుభవదారు గడిలో పేరు, శిస్తు రసీదులు, బోరు కరెంటు బిల్లులు పనికొస్తాయి కానీ అవే చాలవు. కౌలుకో, అన్నగారి మాట మీదో దున్నితే అది అనుమతే, ఎన్నేళ్లైనా ప్రతికూల స్వాధీనం కాదు.

ప్రతికూల స్వాధీనంతో వచ్చిన హక్కుతో దావా కూడా వేయవచ్చని 2019లో సుప్రీంకోర్టు చెప్పింది. అయినా కాగితం ఉన్నవారు దీని జోలికి పోవద్దనే నేనంటాను. పెట్టెలో దస్తావేజు మడతల దగ్గర చిరుగుతుంటే, ముందు సర్టిఫైడ్ కాపీ తీయించుకోండి.