బ్లూబెర్రీ గ్రంట్: ఏళ్ళ తరబడి చేశాక నా మాట

ముందే తీర్పు చెప్పేస్తాను. ఓవెన్ జోలికి పోకుండా, పొయ్యి మీద ఒకే గిన్నెలో, ముప్పావు గంటలోపు అయిపోయే పండ్ల తీపి కావాలంటే బ్లూబెర్రీ గ్రంట్‌ని మించింది నాకు దొరకలేదు. అయితే ఇది దాచుకునే వంట కాదు, మోసుకెళ్ళే వంట కాదు, చూడ్డానికి అందంగా ఉండేదీ కాదు. ఊదారంగు రసంలో తెల్లటి పిండి ముద్దలు తేలుతుంటే మొదటిసారి చూసినవాళ్ళు కాస్త అనుమానంగానే చెంచా అందుకుంటారు. రెండోసారి వడ్డించమని అడిగేదీ వాళ్ళే.

అమెరికా ఈశాన్య మూల ఉన్న న్యూ ఇంగ్లండ్ రాష్ట్రాల్లోనూ, ఆ పైన కెనడాలోని నోవా స్కోషియాలోనూ ఇది ఇళ్ళలో చేసుకునే పాతకాలపు తీపి. పండ్లు, చక్కెర, కాసిని నీళ్ళు కలిపి మరిగించడం, ఆ రసం మీద మైదా పిండిని చెంచాతో జారవిడవడం, మూతపెట్టి ఆవిరికి వదిలేయడం. ఇంతే వంట. కొన్ని ఊళ్ళలో దీన్నే స్లంప్ అంటారు. రచయిత్రి లూయిసా మే ఆల్కాట్, మసాచుసెట్స్‌లో కాంకర్డ్ ఊళ్ళోని తన ఇంటికి సరదాగా ‘ఆపిల్ స్లంప్’ అని పేరు పెట్టుకుంది. పండ్ల మీద పిండి వేసి ఓవెన్‌లో కాలిస్తే అది కాబ్లర్. కాబ్లర్‌కి హోటళ్ళలోనూ చోటు దొరికింది, గ్రంట్ మాత్రం ఇంటి గడప దాటలేదు. నాకైతే అదే మంచిదనిపిస్తుంది. హోటల్‌కి తగ్గట్టు ముస్తాబు చేసి ఉంటే దీన్ని ఈపాటికి పాడుచేసేవాళ్ళు.

అమెరికాలో మా ఇంట్లో ఇది నిలబడిపోవడానికి అసలు కారణం రుచి కాదు, గుడ్డు లేకపోవడం. ఇండియా నుంచి పెద్దవాళ్ళు వచ్చి నెలల తరబడి ఉండే ఇళ్ళలో ఈ ఇబ్బంది అందరికీ తెలిసిందే. ఇక్కడి కేకుల్లో, కుకీల్లో, ఆఖరికి కొన్ని రకాల ఐస్‌క్రీముల్లో కూడా గుడ్డు ఉంటుంది. ‘గుడ్డు లేకుండా’ అని విడిగా చేసినవి తింటే రబ్బరు నమిలినట్టుంటుంది. గ్రంట్‌లో గుడ్డు తీసేయాల్సిన పనే లేదు, మొదటినుంచీ లేదు. మా అత్తయ్య శనివారం ఒంటిపూట ఉన్నా, రాత్రి ఫలహారం అయ్యాక దీన్ని నిశ్చింతగా తింటుంది. రెండో కారణం ఆగస్టు ఎండ. ఇక్కడ బ్లూబెర్రీ బాగా దొరికే రోజులూ, ఓవెన్ వెలిగిస్తే ఇల్లంతా ఉడికిపోయే రోజులూ ఒకటే.

ఇక పండు. ఈ వంటలో తొంభై పాళ్ళు పండే. బ్లూబెర్రీ అని బజార్లో దొరికేవి రెండు రకాలు. గోళీకాయంత పెద్దవి తోటల్లో పెంచినవి. న్యూజెర్సీలో ఎలిజబెత్ వైట్ అనే క్రాన్‌బెర్రీ రైతు, ఫ్రెడరిక్ కోవిల్ అనే వృక్షశాస్త్రవేత్త కలిసి అడవి పొదల్లోంచి ఏరి పెంచి, 1916లో మొదటి పంట అమ్మకానికి తెచ్చారు. అంటే అంతకుముందు గ్రంట్ చేసుకున్నవాళ్ళందరూ అడవి పండుతోనే చేసుకున్నారన్నమాట. ఆ అడవి రకం ఇప్పటికీ మెయిన్ రాష్ట్రంలో, నోవా స్కోషియాలో నేలబారు పొదల మీద కాస్తుంది. శనగగింజంత ఉంటుంది. దాన్ని ఎవరూ నాటరు. దానంతటది నేల కింద వేళ్ళతో పాకుతుంది. వాబనాకీ మూలవాసులు ఆ పొదలకి నిప్పుపెట్టి, మళ్ళీ చిగురించాక కాపు తీసుకునేవాళ్ళు. నేటి రైతులు కూడా మామూలుగా ఒక ఏడు కాపు తీసుకుని, తర్వాత పొదల్ని నేలమట్టంగా కోయడమో కాల్చడమో చేసి, ఒక ఏడు వదిలేస్తారు.

గ్రంట్‌కి అడవి పండే వాడమని నా గట్టి సలహా. పండు చిన్నదైతే తొక్క పాలు ఎక్కువ. రంగూ, వగరూ, వాసనా ఉండేది తొక్కలోనే. పెద్ద పండుతో చేస్తే నీళ్ళు ఎక్కువై తియ్యటి షర్బత్‌లా ఉంటుంది. నిమ్మరసం రెట్టింపు పిండితే తప్ప దానికి ప్రాణం రాదు. జులై చివరినుంచి ఆగస్టంతా మెయిన్ వైపు వెళితే రోడ్డు పక్క బల్లల మీద అట్టపెట్టెల్లో పెట్టి అమ్ముతారు. కానీ అడవి పంటలో దాదాపు అంతా కోసిన వెంటనే గడ్డకట్టించేస్తారు. 1874లో మెయిన్‌లో పుట్టిన వైమన్స్ అనే కంపెనీది ఇప్పుడు ఇదే వ్యాపారం. వాళ్ళ ఫ్రోజెన్ సంచి మా ఫ్రీజర్‌లో ఏడాది పొడుగునా ఉంటుంది. తాజా పండుతో చేసినదానికీ దీనికీ తేడా చెప్పమని కళ్ళకి గంతలు కట్టి అడిగితే నేను చెప్పలేను. ఫ్రోజెన్ వాడేటప్పుడు కరిగించకుండా నేరుగా గిన్నెలో వేసి, నీళ్ళు సగానికి తగ్గించాలి. మిగతా సగానికి అవి వదిలే నీరే చాలు.

కొలతలు ఇవీ. పండ్లు నాలుగు కప్పులు, అంటే సుమారు 600 గ్రాములు. చక్కెర అర కప్పు, నీళ్ళు అర కప్పు, నిమ్మరసం ఒక పెద్ద చెంచా, దాల్చిన చెక్క పొడి చిటికెడు. ఏలకులు వేద్దామని మన చేయి లాగుతుంది, వద్దనను, కానీ రెండు కాయలు దాటితే బ్లూబెర్రీ ఎక్కడుందో వెతుక్కోవాలి. పిండికి: మైదా ఒక కప్పు, బేకింగ్ పౌడర్ రెండు చిన్న చెంచాలు, చక్కెర ఒక పెద్ద చెంచా, ఉప్పు పావు చిన్న చెంచా, చల్లటి వెన్న రెండు పెద్ద చెంచాలు, పాలు అర కప్పుకి కాస్త తక్కువ. నలుగురికి సరిపోతుంది, మొహమాటం లేనివాళ్ళయితే ముగ్గురికి.

పిండి కలపడంలో చేతికి పని తక్కువ ఉండాలి. మైదాలో వెన్నని వేళ్ళతో నలిపి రవ్వలా చేసి, పాలు పోసి, పొడి కనబడకుండా పోగానే ఆపేయాలి. పునుగుల పిండి ఎలా చెంచాలోంచి బద్ధకంగా జారుతుందో అలా ఉంటే సరి. చపాతీ పిండి పిసికినట్టు పిసికితే జిగట పుట్టి ముద్దలు సాగుతాయి.

బేకింగ్ పౌడర్ మీద ఒక మాట. గ్రంట్ అంత తేలిగ్గా ఇళ్ళలో కుదరడానికి ఈ పొడి చేసిన సాయం చిన్నది కాదు. హార్వర్డ్‌లో రసాయనశాస్త్రం చెప్పిన ఎబెన్ హార్స్‌ఫర్డ్ ఫాస్ఫేట్ ఆమ్లంతో దీన్ని తయారుచేసే పద్ధతి కనిపెట్టాడు. రోడ్ ఐలండ్‌లో ఆయన పెట్టిన రమ్‌ఫర్డ్ కంపెనీ పేరుతో ఎర్ర డబ్బా ఇప్పటికీ అమ్ముతున్నారు, నేను వాడేదీ అదే. ఇక్కడి బేకింగ్ పౌడర్ తడి తగలగానే కొంత, వేడి తగిలాక మిగతాది పొంగుతుంది. అందుకే పిండి కలిపాక ఫోన్ మోగినా కొంప మునగదు. పాత డబ్బా అయితే చెంచాడు తీసి వేడినీళ్ళలో వేసి చూడండి, బుసబుసమని పొంగకపోతే పారేయడమే. పాల బదులు మజ్జిగ, బేకింగ్ పౌడర్ బదులు వంట సోడా వేసే పద్ధతీ ఉంది. రుచి బాగానే ఉంటుంది గానీ సోడా రవ్వంత ఎక్కువైనా ముద్దల అడుగున ఆకుపచ్చ, నీలం కలిసిన మరకలు పడతాయి. బ్లూబెర్రీ రంగు పులుపులో ఎరుపుకీ, క్షారంలో నీలం, పచ్చలకీ తిరుగుతుంది. తింటే ఏమీ కాదు. కానీ పిల్లల ముందు ఆ పచ్చ ముద్ద పెట్టి తినమనడం నావల్ల కాదు.

అసలు పరీక్ష మూత దగ్గర. రసం మధ్యస్థమైన మంట మీద ఐదారు నిమిషాలు మరిగి కాస్త చిక్కబడ్డాక, మంట తగ్గించి ముద్దలు వేయాలి. ముద్దకీ ముద్దకీ మధ్య వేలెడు సందు ఉంచాలి, అవి ఒకటిన్నర రెట్లు పొంగుతాయి. మూతపెట్టాక పదిహేను నిమిషాలు తీయకూడదు. ఇది చాదస్తం కాదు. ముద్దల అడుగు రసంలో ఉడుకుతుంది, పై సగాన్ని ఉడికించేది ఆవిరి ఒక్కటే. మధ్యలో మూత తీస్తే ఆవిరంతా పోయి, సగం పొంగిన పిండి కుంగిపోతుంది. మళ్ళీ ఎంతసేపు ఉంచినా లోపల పచ్చిగా, ముద్దగానే ఉంటుంది. గాజు మూత అయితే లోపల చూస్తూ ఉండొచ్చని చాలామంది చెబుతారు. నాకది నవ్వొస్తుంది, రెండో నిమిషానికే ఆవిరి కమ్మేసి గాజు ఉన్నా లేనట్టే. చెవి పెట్టి వినడమే దారి. మెత్తగా గుబగుబమంటుంటే మంట సరిగ్గా ఉంది, టపటపా చిందుతుంటే తగ్గించాలి, చప్పుడే లేకపోతే పెంచాలి.

మూతకి పట్టిన నీరు ముద్దల మీద కారి పైభాగం జిడ్డుగా, తడితడిగా అవుతుందన్నది ఈ వంట మీద ఎవరైనా చెప్పే మొదటి ఫిర్యాదు. దీనికి మందు ఇక్కడివాళ్ళ దగ్గర కాదు, మా అత్తయ్య దగ్గర దొరికింది. ఆవిరి కుడుముకి వాసెన కట్టే చేయి ఆమెది. ‘‘అంత ఆలోచనెందుకమ్మా, మూతకి పలచటి గుడ్డ కట్టు’’ అంది. నూలు గుడ్డని మూత కింది నుంచి చుట్టి, కొసలు పైన ముడివేస్తే నీరంతా గుడ్డే పీల్చుకుంటుంది. కొసలు మంట వైపు వేలాడకుండా చూసుకోండి. అప్పటినుంచీ మా ఇంట్లో ముద్దల పైభాగం పొడిగా, మెత్తగా, ఇడ్లీ పగిలినట్టు పగులుతోంది. ఎర్రగా వేగిన పైపొర కావాలనుకునేవాళ్ళు మాత్రం దీని దగ్గర ఆశ పెట్టుకోవద్దు. ఆవిరి వంద డిగ్రీలు దాటదు, ఎరుపెక్కడానికి అంతకంటే చాలా ఎక్కువ వేడి కావాలి. అలాంటివాళ్ళు కాబ్లర్ చేసుకోవడమే మేలు.

గిన్నె సంగతి. పాత వంటకాల్లో పోత ఇనప పెనం అని రాసి ఉంటుంది. పూత లేని ఇనుములో బ్లూబెర్రీ, నిమ్మరసం అరగంట ఉడికితే రసానికి ఇనుము వాసన అంటుకుంటుంది, ఏళ్ళుగా నూనె పట్టించిన నల్లటి పొర కూడా లేచిపోతుంది. దోసెల పెనాన్ని దీనికి బలిచేయకండి. ఎనామెల్ పూత ఉన్న బరువైన గిన్నె అన్నిటికంటే మంచిది, అడుగు మందంగా ఉండే స్టీలు గిన్నె దాని తర్వాత. అడ్డం పది అంగుళాలు ఉండాలి. పలచటి అడుగున్న గిన్నెలో పన్నెండో నిమిషానికి మాడు వాసన మొదలవుతుంది, అప్పుడు మూత తీయాలో వద్దో తెలియని సంకటం. తెల్ల ఎనామెల్‌కి ఊదా మరక పడుతుంది. వంట సోడా తడిపి రాసి కాసేపు ఉంచితే పోతుంది.

వేరే పండ్లతో కూడా చేస్తుంటాను. పీచ్ బాగుంటుంది, చక్కెర తగ్గించాలి. ఆపిల్ అయితే ముద్దలు వేయకముందే పది పన్నెండు నిమిషాలు ఉడకాలి, లేకపోతే కరకరమంటుంది. హైదరాబాద్‌లోనో విజయవాడలోనో ఉన్నవాళ్ళు బ్లూబెర్రీకి అంత డబ్బు పోయనక్కర్లేదు. ఎండాకాలం చివర వచ్చే ఎర్ర ఆల్‌బుఖారా పండ్లు గింజ తీసి వాడండి. పులుపు, రసం, రంగు మూడూ ఉన్నాయి కాబట్టి నిజానికి తోట బ్లూబెర్రీ కంటే అదే మెరుగు. మామిడితో మాత్రం కుదరదు. పులుపు చాలక, రసం గుజ్జుగా మారి అడుగంటుతుంది. గోధుమ పడనివాళ్ళ కోసం మైదా బదులు బియ్యప్పిండి వేసి ఇదే పద్ధతిలో చేస్తే ముద్దలు విడిపోయి జావవుతాయి. తాలికలకి మనం ముందే పిండిని మరిగే నీళ్ళలో ఉక్కిస్తాం కాబట్టి అవి పాకంలో నిలబడతాయి. ఇక్కడ అలా ఉక్కిస్తే పొంగవు. రెండూ ఒకేసారి కుదరవు.

వడ్డన వేడిగానే. దించాక మూత తీసి ఐదు నిమిషాలు ఆగితే రసం ఇంకాస్త చిక్కబడుతుంది. నోవా స్కోషియా ఇళ్ళలో పైన చిక్కటి మీగడ పోసుకుంటారు. మా పిల్లలకి వెనిలా ఐస్‌క్రీమ్, అత్తయ్యకి చల్లటి పాలు రెండు గరిటెలు, నాకు ఏమీ వద్దు. గంట దాటితే ముద్దలు రసమంతా పీల్చేసి బరువెక్కుతాయి. మర్నాటికి ఫ్రిజ్‌లో గట్టిపడతాయి. మైక్రోవేవ్‌లో కాసిని నీళ్ళు చల్లి వేడిచేస్తే తినొచ్చు గానీ నిన్నటి వంట అని తెలిసిపోతుంది. అందుకే ఇంటికో వంట తెచ్చుకునే పాట్‌లక్ విందులకి దీన్ని తీసుకెళ్ళను. ఎవరైనా మా ఇంటికి భోజనానికి వస్తే మాత్రం పండ్ల రసం ముందే మరిగించి పక్కన పెట్టుకుంటాను, పొడి పిండిలో వెన్న నలిపి ఫ్రిజ్‌లో ఉంచుతాను. వాళ్ళు పెరుగన్నం కలుపుకునేటప్పుడు రసం మళ్ళీ మరగనిచ్చి, పాలు పోసి పిండి కలిపి ముద్దలు వేస్తే, చేతులు కడుక్కుని కబుర్లలో పడేసరికి గ్రంట్ తయారుగా ఉంటుంది.