వరంగల్ల మా పాత సింగిల్ స్క్రీన్: సౌండ్ మస్తు, చీప్ టికెట్ గాయబ్ (5కి 3)

రెనోవేషన్ అయినంక ఫస్ట్ టైం పోయినం, బాపును గూడ తీస్కపోయిన. మంచిది ముందుగాల చెప్త, సౌండ్ మాత్రం మామూలుగ లేదు, ఫైట్లల్ల కుర్చీ అదురుతున్నది, స్క్రీన్ గూడ కొత్తది, ఎన్కటి మరకలన్నీ పోయినయ్. ఏసీ జర ఎక్కువ పెట్టిండ్రు, ముసలోళ్లుంటే శాలువ తెచ్చుకోండి. సమోసా వేడిగుంది, రేటు గూడ మరీ ఘోరం కాదు.

ఇగ అసలు కత. ఇంతకుముందు ముందు వరుసలకు తక్కువ రేటు, నడుమ ఇంకోటి, పైన బాల్కనీ ఉండె. ఇప్పుడు కిందామీదా అంతా మెత్తటి సీట్లేసి ఒకటే రేటు చేసిండ్రు, కౌంటర్ల అడిగితే "అందరు సమానమే కద అన్నా" అంటున్నడు పిలగాడు. అరే, గీ సమానం 1896లనే చూసినం కద! ఆ ఏడు జూలై 7న బొంబాయి వాట్సన్ హోటల్ల సినిమా మొదలువెట్టిన ఫ్రాన్సోళ్లు లూమియర్ అన్నదమ్ముల కదిలే బొమ్మలు మన దేశంల ఫస్ట్ ఆడినయ్, టికెట్ అందరికీ ఒకటే, రూపాయి. గా రోజుల్ల రూపాయంటే కూలోడు ఆ గల్లీ దిక్కు గూడ రాడు. అదే నెలల నావెల్టీ థియేటర్‌కు మార్చి, కొన్ని దినాలకే నాలుగణాల నుంచి రెండు రూపాయల దాక రేట్లు పెట్టిండ్రు, పర్దా ఆడోళ్లకు వేరే బాక్సులు గూడ ఇచ్చిండ్రు, నన్నడిగితే సినిమా జనంది అయింది గా నాలుగణాల కాడనే. అమెరికాల గూడ గంతే, 1905ల పిట్స్‌బర్గ్‌ల ఐదు సెంట్లకు ఒక చిన్న హాలు తెరిస్తే పనోళ్లు ఎగవడ్డరు, చూస్తుండంగనే ఊరూర అసొంటివి లేచినయ్.

మన కాడ ఆజంజాహీ మిల్లు 1934ల పెట్టిండ్రు, బాపు అండ్లనే చేసిండు. షిఫ్ట్ దిగి సీదా సెకండ్ షోకు, నేల టికెట్‌కు, పక్కన కూసున్నోడు ఏ వాడోడో ఎవ్వడు అడగకపోతుండె అంటడు. అట్లని అంతా ఒకటే అని గాదు, బాల్కనీ మెట్లు వేరే, గేటు వేరే, కాకపోతే పైసలుంటే ఎవలన్న ఎక్కొచ్చు. బోనస్ వచ్చిన నెల అమ్మను బాల్కనీకే తీస్కపోతుండెనట, మిగతా నెలలు నేలనే.

ఇంకోటి, లేడీస్ కౌంటర్ కిటికీ మూసేసి ఆడ పాప్‌కార్న్ మిషిన్ పెట్టిండ్రు. ఆన్‌లైన్ల చేస్కోండి అంటరు, దానికి ఫీజు మళ్ల వేరే, ఫోన్ల బుకింగ్ రాని పెద్దమనుషులు ఏం చెయ్యాలె?

ఓనర్ సార్ చదువుతుంటే ఒక్కటే మాట, ముందు నాలుగు వరుసలన్న తక్కువకియ్యండి. మెడ పట్టేసే జాగకు నిండ పైసలు ఎవడు పెడ్తడు, మేం పోయిన దినం ఆదివారం ఫస్ట్ షోల గూడ అవి ఖాళీనే. నిండితే సమోసాలన్న అమ్ముడుపోతయ్ గద.

బండి పార్కింగ్ చిన్నగుంది, జల్ది పోండి. సెకండ్ షో ఇడిసినంక ఆటోలు దొరుకుతలేవు, కాజీపేట దిక్కు పోయేటోళ్లు ముందే మాట్లాడుకొని పెట్టుకోండి.