ఫోన్ చూపించే ఛార్జింగ్ ఒకటి, చెవిలో ఉన్నది ఒకటి: రెండేళ్లు వాడిన ఇయర్‌బడ్స్ సమీక్ష

రెండు వేల లోపు ధరలో వైర్‌లెస్ ఇయర్‌బడ్స్ కొని రెండేళ్లు దాటింది. కంపెనీ పేరు రాయడం లేదు. నేను చెప్పబోయేవి ఈ ధరలో దొరికే చాలా మోడళ్లకు వర్తిస్తాయి. సౌండ్ ఎలా ఉంది, బేస్ ఎంత ఉంది అని చెప్పే రివ్యూలు బోలెడున్నాయి, అన్నీ కొన్న వారంలోపు రాసినవే. ఆ వారంలో ఎవరికీ తెలియని సంగతి ఒకటుంది: లోపల ఛార్జింగ్ ఎంత మిగిలిందో ఈ వస్తువు మనకు ఎంత సరిగ్గా చెబుతుంది అన్నది. రోజూ వాడేవాళ్లకు బేస్ కన్నా దానితోనే ఎక్కువ పని పడుతుంది.

సౌండ్ సంగతి ఒక్క ముక్కలో చెప్పేస్తాను. పాటలకు బాగుంది. ఇంట్లో కూర్చుని మాట్లాడే కాల్స్‌కి ఫర్వాలేదు. మెట్రోలో మాత్రం అవతలివాళ్లకు మన మాట కన్నా తర్వాతి స్టేషన్ అనౌన్స్‌మెంటే బాగా వినిపిస్తుందట.

ఇక ఛార్జింగ్. ఆండ్రాయిడ్ ఫోన్లలో బ్లూటూత్ హెడ్‌సెట్ ఛార్జింగ్ కనిపించడం 2017 డిసెంబరులో వచ్చిన 8.1 వెర్షన్‌తో మొదలైంది. నా ఫోన్‌లో పైనుంచి పట్టీ కిందికి లాగి బ్లూటూత్ గుర్తును కాసేపు నొక్కి పట్టుకుంటే, కనెక్ట్ అయిన బడ్స్ పేరు కింద శాతం వస్తుంది. ల్యాప్‌టాప్‌లో అయితే విండోస్ సెట్టింగ్స్‌లో బ్లూటూత్ పేజీ తెరవాలి. రెండు చోట్లా కనిపించేది ఒకే ఒక అంకె, అదీ 100, 90, 80 అని పదేసి దిగుతూ వస్తుంది. 87, 64 లాంటివి నాకు ఏనాడూ కనిపించలేదు.

మొదట్లో ఇది ఫోన్ లోపం అనిపిస్తుంది, కానీ ఫోన్‌ది ఏం లేదు. హెడ్‌సెట్ తన ఛార్జింగ్‌ని ఫోన్‌కి చెప్పడానికి చాలా మోడళ్లు ఇప్పటికీ వాడేది ఆపిల్ తన ఐఫోన్ల కోసం పెట్టిన ఒక కమాండ్. అందులో హెడ్‌సెట్ 0 నుంచి 9 వరకు ఏదో ఒక అంకె పంపుతుంది. ఆండ్రాయిడ్ కూడా ఆ కమాండ్‌ని అర్థం చేసుకుంటుంది. వచ్చిన అంకెకు ఒకటి కలిపి పదితో గుణించి మనకు చూపిస్తుంది. 9 వస్తే 100 శాతం, 4 వస్తే 50. మరి 0 వస్తే? 10 శాతం! అంటే ఈ లెక్కలో సున్నా అనేదే లేదు. చివరి ఊపిరి మీదున్న బడ్ కూడా తెరమీద 10 శాతంతోనే కనిపిస్తుంది. ఇది తెలిశాక నేను 20 కనపడితే చాలు, కేసులో (బడ్స్‌ని పెట్టి ఛార్జ్ చేసే డబ్బాలో) పెట్టేస్తాను. 10ని అసలు లెక్కలోకి తీసుకోను.

నిజానికి 0 నుంచి 100 దాకా ఒక్కొక్క శాతం చెప్పే పద్ధతి కూడా బ్లూటూత్‌లో ఉంది. తక్కువ కరెంటుతో నడిచే "బ్లూటూత్ లో-ఎనర్జీ" (Low Energy) అనే రకంలో బ్యాటరీ కోసమే ఒక ఏర్పాటు పెట్టారు. ఈ ధరలో నేను కొన్న బడ్స్ దాకా అది రాలేదు, అంతే.

అసలు చిక్కు ఇంకోటి. ఇక్కడ ఉన్నవి మూడు బ్యాటరీలు: ఎడమ బడ్, కుడి బడ్, కేసు. ఫోన్ చూపించేది ఒక్క అంకె. అది ఎవరిది? పెట్టెలో ఇచ్చిన కాగితంలో ఆ ఊసే లేదు. నేను కనుక్కున్న పద్ధతి ఇది. రెండు బడ్స్‌నీ కేసులో పెట్టి మూత వేయాలి. కుడిది ఒక్కటే బయటికి తీసి, కనెక్ట్ అయ్యాక శాతం చూడాలి. దాన్ని లోపల పెట్టేసి ఎడమది తీసి మళ్లీ చూడాలి. విడివిడిగా ఒక్కో చెవికి పనిచేసే బడ్స్ అన్నిటికీ ఇది పనికొస్తుంది. నావాటిలో ఒకసారి చూస్తే కుడిది 70, ఎడమది 40. రెండూ చెవిలో ఉన్నప్పుడు ఫోన్ చూపించింది 70. ఎడమది ఎప్పుడు ఆగిపోయినా నాకు ముందస్తుగా తెలియకపోవడానికి కారణం అదే. వేరే కంపెనీల్లో రెండిట్లో తక్కువున్నదాన్ని చూపించేవి కూడా ఉన్నాయి. అదే తెలివైన పని.

ఎడమది ఎందుకు ముందు అయిపోతుందంటే నా అలవాటు వల్లే. ఇంటికి ఫోన్ చేసేటప్పుడు ఒక్క బడ్ పెట్టుకుంటాను, చేతికి ముందు దొరికేది ఎడమదే. కాల్ మాట్లాడుతుంటే మైకు కూడా పనిచేస్తుంది కాబట్టి పాటలు వినేటప్పటి కన్నా ఛార్జింగ్ తొందరగా దిగుతుంది. పైగా కొన్ని మోడళ్లలో ఫోన్‌తో మాట్లాడేది ఒక్క బడ్ మాత్రమే, రెండోదానికి అదే పాటను అందిస్తుంది. ఆ పెద్దరికం మోసే బడ్ సహజంగానే ముందు అలసిపోతుంది. ఈ మధ్య ఏ చెవికి ఆ చెవి మార్చి మార్చి వాడుతున్నాను, తేడా కొంచెం తగ్గింది.

ఇక పాతబడ్డాక ఏమవుతుందో చెప్పాలి, ఈ రివ్యూ రాయడానికి అసలు కారణం ఇదే. ఒక్కో బడ్‌లో బ్యాటరీ సాధారణంగా 30 నుంచి 60 ఎంఏహెచ్ ఉంటుంది. మన చేతిలో ఫోన్‌ది 5000 అనుకుంటే, 40 ఎంఏహెచ్ బడ్ దానిలో 125వ వంతు. కొత్తలో ఐదు గంటలు వచ్చిన బడ్‌లో 10 శాతం అంటే అరగంట. ఇంత చిన్న బ్యాటరీలో ఎంత మిగిలిందో కొలవడం కూడా కష్టమే. లిథియం బ్యాటరీ నిండుగా ఉంటే దాదాపు 4.2 వోల్టులు ఉంటుంది, మధ్యలో చాలాసేపు 3.7 దగ్గర పెద్దగా కదలదు, చివర్లో ఒక్కసారిగా పడిపోతుంది. వోల్టేజీ చూసి శాతం చెప్పే చౌక సర్క్యూట్‌కి మధ్య భాగమంతా అంచనాయే. వంటింట్లో గ్యాస్ బండని కొంచెం వంచి చూసి ఇంకో వారం వస్తుందిలే అనుకున్నట్టు.

కొత్తలో ఆ అంచనా బాగానే కుదిరింది. పాతబడుతున్నకొద్దీ బ్యాటరీ లోపలి నిరోధం, అంటే కరెంటుకు తగిలే అడ్డు, పెరుగుతుంది. కాల్ వచ్చి మైకు ఆన్ అయినప్పుడో, వాల్యూమ్ పెంచినప్పుడో వోల్టేజీ ఒక్కసారి కిందికి జారుతుంది, చిప్ అది చూసి ఆపేస్తుంది. ఇప్పుడు నా ఎడమ బడ్ పరిస్థితి అదే. అదొక్కటే పెట్టుకుని పాటలు వింటూ 40 శాతం చూశాను, అమీర్‌పేటలో రైలు మారి రాయదుర్గం వైపు ఎక్కాను, ఇంతలో అమ్మ ఫోన్ చేసింది. రెండు మాటలు అయ్యాయో లేదో చెవిలో ఆ ఇంగ్లీషు గొంతు "బ్యాటరీ లో" అంది. అది మాట్లాడుతున్నంతసేపూ అవతలి మాట వినబడదు. "ఏరా, వినపడుతోందా?" అని అమ్మ, "ఆఁ, చెప్పమ్మా" అని నేను. ఆ గొంతు మళ్లీ వచ్చి ఈసారి సెలవు తీసుకుంది. 40 నుంచి సున్నాకి మధ్యలో స్టాపులు లేవు. కుడిది మాత్రం ఇప్పటికీ 20 దాకా పద్ధతిగా దిగి, ఆ తర్వాతే హెచ్చరిస్తుంది.

కేసు మీద నాలుగు చిన్న లైట్లున్నాయి. ఒక్కోటి పాతిక శాతం. మెరుగులేమీ లేకపోయినా రెండేళ్లలో నన్ను ఇబ్బంది పెట్టనివి ఈ లైట్లే. రెండు వెలిగితే రేపటికి చాలు, ఒకటే వెలిగితే రాత్రికి ఛార్జింగ్ పెట్టాలి. ఆఫీసులో ఒకతని కేసుకి చిన్న తెర ఉంది, అంకెల్లో శాతం చూపిస్తుంది. చూడ్డానికి బాగుంటుంది, దానికోసం ఎక్కువ డబ్బు పెట్టక్కర్లేదు. కేసులో ఎంతుందో ఫోన్‌కి తెలియకపోవడం మాత్రం లోటే. బ్యాగు అడుగున పడున్న కేసుని తీసి మూత తెరిస్తే తప్ప సంగతి తెలియదు.

కేసు దగ్గరే జాగ్రత్త పడాల్సిన విషయం ఇంకొకటుంది. కేసులో బడ్ కూర్చునే చోట రెండు చిన్న ఇత్తడి రంగు పిన్నులు, బడ్ కింద వాటికి తగిలే రెండు చుక్కలు ఉంటాయి. మన ఎండాకాలం చెమట, చెవిలో గులిమి కలిసి ఆ చుక్కల మీద నల్లటి పొర కడుతుంది. అప్పుడు బడ్ కేసులో కూర్చున్నట్టే కనిపిస్తుంది, అయస్కాంతం టక్కున లాగుతుంది కూడా, కానీ ఛార్జింగ్ ఎక్కదు. అంతకన్నా ఘోరం, తాను కేసులో ఉన్నట్టు దానికే తెలియదు. రాత్రంతా ఫోన్‌కి కనెక్ట్ అయ్యే ఉంటుంది, తెల్లారేసరికి ఖాళీ. దీన్ని పట్టుకోవడం తేలిక. రెండూ కేసులో పెట్టి మూత వేశాక కూడా ఫోన్‌లో "కనెక్టెడ్" అని ఉందంటే పిన్నుల దగ్గర తేడా ఉన్నట్టే. పొడి దూదితో గట్టిగా తుడిస్తే చాలు. గుండుసూదితో గీకితే పైపూత పోయి తుప్పు పడుతుంది. బ్యాటరీ పోయింది అని జనం పారేసే బడ్స్‌లో కొన్నింటికైనా ఉన్న జబ్బు ఇదేనని నా అనుమానం.

మా చెల్లి దగ్గర ఆపిల్ ఎయిర్‌పాడ్స్ ఉన్నాయి. పండక్కి వచ్చినప్పుడు రెండు రోజులు పక్కపక్కన పెట్టి చూశాను. కేసు మూత తెరిచి ఐఫోన్ దగ్గర పెట్టగానే కింద నుంచి ఒక కార్డు పైకొస్తుంది, బడ్స్‌ది, కేసుది వేర్వేరుగా శాతం చూపిస్తుంది. రెండిట్లో తేడా ఉంటే ఎడమా కుడీ కూడా విడదీసి చెబుతుంది. బ్యాటరీల విడ్జెట్ పెట్టుకుంటే ఫోన్ తెర మీదే ఉంటుంది. ఒక్క మెలిక: కేసు శాతం కనబడాలంటే కనీసం ఒక బడ్ కేసులో ఉండాలి. కేసు నేరుగా ఫోన్‌తో మాట్లాడదు, లోపలున్న బడ్ దాని తరఫున చెబుతుంది. "రెండూ చెవిలో పెట్టుకుంటే కేసు బ్యాటరీ మాయమైపోతోంది అన్నయ్యా" అని చెల్లి అడిగింది అందుకే. ఆండ్రాయిడ్ వైపు గూగుల్ ఫాస్ట్ పెయిర్ (బడ్స్‌ని ఫోన్‌కి తేలిగ్గా కలిపే ఏర్పాటు) ఉన్న బడ్స్‌లో దాదాపు ఇదే సౌకర్యం ఉంది. మూత తెరవగానే మూడు బ్యాటరీలూ వేరువేరుగా కనిపించే వీలుంది, కంపెనీ ఆ భాగాన్ని అమర్చి ఉంటే. ఈ సౌకర్యం తక్కువ ధర బడ్స్‌లోకి కూడా మెల్లగా దిగుతోంది.

కంపెనీ యాప్ వేసుకుంటే విడివిడిగా కనిపిస్తుందేమో అని చూశాను. నాకు దొరికింది అదే ఒక్క అంకె, పక్కన కొత్త మోడల్ మీద ఆఫర్. ప్లే స్టోర్‌లో ఇయర్‌బడ్స్ బ్యాటరీ చూపిస్తాం అనే యాప్‌లు చాలా ఉన్నాయి. బడ్ పంపని సమాచారాన్ని ఏ యాప్ కూడా పుట్టించలేదు. పదేసి మెట్లలో వచ్చేదాన్నే రంగు రంగుల వలయంలో చూపిస్తారు. వాటిలో కొన్ని లొకేషన్ పర్మిషన్ అడుగుతాయి. ఆండ్రాయిడ్ 12కి ముందు బ్లూటూత్ పరికరాలను వెతకాలంటే యాప్‌కి లొకేషన్ అనుమతి తప్పనిసరి, ఆ తర్వాత దగ్గర్లోని పరికరాల కోసం వేరే అనుమతి వచ్చింది. కొత్త ఫోన్‌లో కూడా లొకేషన్ కావాలని పట్టుబట్టే బ్యాటరీ యాప్‌ని నేనైతే ఉంచను.

పెట్టె మీద రాసిన "40 గంటల ప్లేబ్యాక్" సంగతి కూడా అంతే. అది బడ్స్‌కి కేసుని కలిపి వేసిన లెక్క, అదీ వాల్యూమ్ సగం దగ్గర పెట్టి. చెవిలో ఒక దఫాకి వచ్చేది కొత్తలోనే ఐదు గంటలు. ఇప్పుడు కుడిది మూడున్నర, ఎడమది మూడ్ బాగుంటే రెండు.

సర్వీస్ సెంటర్‌కి వెళ్లి ఎడమదానికి బ్యాటరీ మార్చమని అడిగాను. బ్యాటరీ మార్చడం లేదు, ఒక్క బడ్ విడిగా అమ్మడం లేదు, పాతవి ఇస్తే కొత్త జతలో కొంత తగ్గిస్తాం అన్నారు. గోరంత బ్యాటరీ కోసం మొత్తం జత చెత్తలోకి. యూరప్‌లో 2027 ఫిబ్రవరి 18 నుంచి ఇలాంటి చిన్న పరికరాల్లో బ్యాటరీని కొన్నవాళ్లే తీసి మార్చుకునేలా ఉండాలని చట్టం చేశారు, కొన్ని మినహాయింపులతో. మన దగ్గర 2022 నాటి బ్యాటరీ వ్యర్థాల నిబంధనలు వాడేసిన బ్యాటరీలను వెనక్కి తీసుకునే బాధ్యతను తయారీదారుల మీద పెట్టాయి. మార్చుకునే వీలు గురించి మాత్రం మనం ఇంకా ఎదురుచూడాలి.

మార్కులు అడిగితే ధరకి తగ్గ సౌండ్‌కి ఐదులో నాలుగు, ఛార్జింగ్ చెప్పే తీరుకి ఒకటిన్నర. మళ్లీ కొంటే షాపులో పాట పెట్టి వినేముందు నా ఫోన్‌కి కలిపి చూస్తాను. మూత తెరవగానే ఎడమ, కుడి, కేసు మూడూ వేరుగా వస్తున్నాయా? శాతం పదేసి దూకుతోందా, ఒక్కొక్కటిగా వస్తోందా? ఒక బడ్ కేసులో పెడితే రెండోది ఆగకుండా పాడుతోందా? ఈ మూడూ చూడ్డానికి ఐదు నిమిషాలు చాలు. అమ్మేవాళ్లు పెట్టె సీలు తీయం అంటారు, డెమో పీస్ ఉంటే దానిమీద చూపించమని అడగండి. ఆన్‌లైన్‌లో కొంటే వెనక్కి తీసుకునే గడువు ముగియకముందే ఇంట్లో చూసుకోండి.