పెట్రోవరాడిన్ కోట: పైన తిరగాలా, సొరంగాల్లోకి దిగాలా?

సెర్బియాలో నోవి సాద్ నగరానికి ఎదురుగా, డాన్యూబ్ నది ఒడ్డున ఉంది పెట్రోవరాడిన్ కోట. 1692లో మొదలైన నిర్మాణం 1780 దాకా సాగింది. ఒక్క పూటే టైం ఉంటే ఏది చూడాలి?

కోట పైభాగానికి గైడ్ అవసరం లేదు. మీ ఇష్టం వచ్చినట్టు తిరగొచ్చు. నది, వంతెనలు, అవతలి ఊరు అన్నీ కనిపిస్తాయి. గడియార స్తంభం దగ్గర మాత్రం కాసేపు ఆగండి. పెద్ద ముల్లు గంటలు, చిన్న ముల్లు నిమిషాలు చూపిస్తుంది. నదిలో పడవ నడిపేవాళ్లకు దూరం నుంచే గంట తెలియాలని అలా పెట్టారట.

కిందది వేరే లోకం. నాలుగు అంతస్తుల్లో సుమారు 16 కిలోమీటర్ల సొరంగాలు. టూర్‌లో చూపించేది కిలోమీటరు మేరే అయినా, నా ఓటు దీనికే. ఇటుక గోడల్లో వరసగా తుపాకీ రంధ్రాలుంటాయి. అక్కడ నిలబడి చూస్తే, లోపలికి చొరబడిన శత్రువు ఏ మలుపులో చిక్కుకుంటాడో ఇట్టే అర్థమవుతుంది. దారి తప్పించడానికే కట్టిన దారులివి, కాబట్టి గైడ్ వెంట వెళ్లాల్సిందే. అదే మంచిది కూడా, చెప్పేవాళ్లు లేకపోతే అన్ని గోడలూ ఒకేలా కనిపిస్తాయి.

ఎండాకాలమైనా లోపల చల్లగా ఉంటుంది, పల్చటి జాకెట్ తీసుకెళ్లండి. ఇరుకు చోట్లంటే టెన్షన్ పడేవాళ్లు, మోకాళ్ల నొప్పులున్న పెద్దవాళ్లు హాయిగా పైనే ఉండొచ్చు.