పారిపోయిన నాదియా, ఉండిపోయిన వేరా

1976లో మాంట్రియల్ ఒలింపిక్స్‌లో 14 ఏళ్ల రొమేనియా జిమ్నాస్ట్ నాదియా కొమనేచికి పదికి పది వస్తే, అంత స్కోరు చూపే వీల్లేక బోర్డు మీద 1.00 అని పడింది. ఆ కథ అందరికీ తెలుసు. తర్వాతి సంగతే నన్ను కలచివేస్తుంది. 1981లో ఆమె కోచ్ కరోలీ దంపతులు అమెరికాలోనే ఉండిపోయారు, ఆ దెబ్బతో రొమేనియా ప్రభుత్వం నాదియా మీద నిఘా పెంచి, విదేశీ ప్రయాణాలకు దాదాపు అడ్డుకట్ట వేసింది. చివరికి 1989 నవంబరులో ఒక రాత్రి, ఇంట్లోవాళ్లను వదిలేసి, చీకట్లో గంటల తరబడి నడిచి హంగరీ సరిహద్దు దాటింది. నెల తిరిగేసరికి రొమేనియా నియంత చౌషెస్కూ ప్రభుత్వం కూలిపోయింది!

చెకోస్లొవేకియా జిమ్నాస్ట్ వేరా చాస్లావ్‌స్కా దారి వేరు. 1968లో స్వేచ్ఛ కోరే ప్రకటన మీద సంతకం పెట్టింది. ఆగస్టులో సోవియట్ ట్యాంకులు ఆమె దేశంలోకి రాగానే కొండల్లో దాక్కుని, చెట్టు కొమ్మలకు వేలాడుతూ, బంగాళాదుంపల బస్తాలు మోస్తూ ప్రాక్టీస్ చేసింది. ఆ ఏడాదే మెక్సికో ఒలింపిక్స్‌లో 4 స్వర్ణాలు గెలిచి, సోవియట్ జాతీయ గీతం మోగుతుంటే తల పక్కకు తిప్పుకుంది. సంతకం వెనక్కి తీసుకోమంటే ఒప్పుకోలేదు, దాంతో ఏళ్ల తరబడి తగిన ఉద్యోగం లేదు, ప్రయాణాలు లేవు.

ఉండిపోయినవాళ్లే ధీరులు, వెళ్లిపోయినవాళ్లు స్వార్థపరులు అనడం నాకు అస్సలు నచ్చదు. వేరాకు మళ్లీ గౌరవం దక్కడానికి 1989 దాకా, అంటే 21 ఏళ్లు పట్టింది. అన్నేళ్లు ఆగమని నాదియాకు ఎవరు చెప్పగలరు?